పసుపు, మార్పు లేదు

ఆ బెరడు ముక్క అరచేతిలో సగం కూడా లేదు. దాని మీద పట్టిన లైకెన్, బూజూ పాచీ కలిసి ఒకటిగా పెరిగే పొర, బూడిద కలిసిన తెలుపు. సున్నం పలచగా పూసి ఆరనిచ్చినట్టు బెరడుకి అతుక్కుపోయి ఉంది. గోటితో లేపితే లేవదు, బెరడుతో సహా కోసుకోవలసిందే. అంచు చుట్టూ వెంట్రుకంత నల్లటి గీత. లోపలంతా సన్నటి బీటలు. ఆ బీటల మధ్య అక్కడక్కడా పొట్టిపొట్టి నల్లటి చీలికలు, కొన్ని తిన్నగా, కొన్ని వంకరగా, కొన్ని రెండు మూడు పాయలుగా విడిపోయి. దూరం నుంచి చూస్తే అప్పుడే రాత నేర్చుకుంటున్న పిల్ల పలక మీద గీకినట్టు ఉంటుంది. భూతద్దం పెట్టి చూస్తే ఒక్కో చీలికకీ రెండు పెదవులు, పెదవుల మీద పిండి రాలినట్టు తెల్లటి పొడి. విత్తనాలకు బదులు దానికుండే సిద్ధబీజాలు బయటపడేది ఆ పెదవుల మధ్య నుంచే.

ఇదంతా అతను ముక్కను చూడకుండా చెప్పగలడు. చర్మం కంటే పలచగా కోసి, గాజు పలక మీద పరిచి, ఒక్కో సిద్ధబీజంలో ఎన్ని గదులున్నాయో లెక్కపెట్టింది అతనే. ఎండబెట్టిన మొక్కల్నీ బెరళ్ళనీ పొట్లాలు కట్టి బీరువాల్లో దాచే ఆ భవనంలో కోత పని అతనిది. ఆఫీసులో అందరూ బ్లేడు బాబాయ్ అంటారు. మాటలతో విసిగించేవాళ్ళకి పెట్టే పేరు పెద్దగా మాట్లాడని మనిషికి పెట్టారని గుమాస్తా కొత్తగా వచ్చిన ప్రతివాళ్ళకీ చెప్పి నవ్విస్తుంటాడు.

బుధవారం ఉదయం మేడం పిలిచింది. అతను వెళ్ళేసరికి సీసాలక్క అప్పటికే తలుపు పక్కన నిలబడి ఉంది. పరీక్షలకు కావలసిన ద్రావణాలు కలపడం, సీసాలు కడగడం ఆమె పని. పదకొండేళ్ళుగా చేస్తున్నా ఆమెది ఏడాదికోసారి పొడిగించే ఉద్యోగమే.

మేడం బల్ల మీద ఒక ఉత్తరం ఉంది. లైకెన్‌లో సగం ముక్కను వేరే ఊళ్ళో ఉన్న నిపుణుడికి పంపారు, ఇది కొత్త జాతేనని ఆయన ఒప్పుకుంటే వ్యాసం అచ్చవుతుంది. ఆయన ఒప్పుకోలేదు. జాతిని రంగును బట్టి గుర్తుపట్టడానికి వాడే పొటాష్ ద్రావణం చుక్క వేస్తే ముందు పసుపు వచ్చి, నిమిషం తిరక్కుండా నెత్తురులా ఎరుపు తిరిగిందని రాశాడు. ఎరుపు తిరిగితే అది వందేళ్ళ కిందటే పేరు పెట్టిన పాత జాతి. వీళ్ళు పంపిన వర్ణనలో మాత్రం 'పొటాష్‌తో పసుపు, మార్పు లేదు' అని ఉంది. పొట్లం మీద ఆ మాట అతని చేతిరాతలోనే ఉంది.

మేడం అతన్ని ఏమీ అడగలేదు. సీసాలక్కని అడిగింది, ఆ పొటాష్ ఎప్పుడు కలిపావని. పరీక్ష చేసేనాటికి కలిపి పదకొండు రోజులని, సీసా మీద తేదీ ఉందని ఆమె చెప్పింది. మూత సరిగా బిగించకపోతే గాలి తగిలి పస పోతుంది కదా అని మేడం అంది. మూత వదులుగా పెట్టే అలవాటు తనకు లేదని సీసాలక్క నెమ్మదిగానే అంది. అప్పుడు మేడం అతని వైపు తిరిగింది.

"మీకేమనిపించింది? పొటాష్‌లో పస తగ్గినట్టుందా?"

అతను తన బొటనవేలి మీద పాత బ్లేడు గాట్లు చూసుకున్నాడు.

"పాతదేమో మేడం," అన్నాడు.

సీసాలక్క అతని వైపు చూసింది. తర్వాత పొడిగా ఉన్న చేతుల్నే ఏప్రన్‌కి తుడుచుకుంది. శనివారం మధ్యాహ్నం టపాలో ఆమె పొడిగింపు కాగితం పైఆఫీసుకు వెళ్ళాలని, అందులో ఏం రాయాలో ఆలోచించుకుంటానని మేడం చెబుతుంటే తలవంచుకుని వింది.

అతను తన బల్ల దగ్గరికి వచ్చి కూర్చున్నాడు. ఎదుటి బల్ల ఖాళీ. దాని మీద వంగిన మెడ దీపం, కుంచెలు పెట్టుకునే గాజు గ్లాసు అలాగే ఉన్నాయి. ఆ పొట్లాల్లోని మొక్కలకు బొమ్మలు వేసే బొమ్మలాయన పోయి నాలుగు నెలలు.

ఎరుపు అతనికి కనిపించదు. పసుపు తెలుస్తుంది, నీలం తెలుస్తుంది. ఎరుపు మాత్రం మట్టిలా, మసిలా కనబడుతుంది. ఆ సంగతి అతను బొమ్మలాయనకు ఎప్పుడూ చెప్పలేదు. బొమ్మలాయన ఎప్పుడూ అడగలేదు. అతను చుక్క వేసిన ప్రతిసారీ బొమ్మలాయన కుంచె ఆపి ఒకసారి ఇటు చూసి, ఎవరితోనో కాదన్నట్టు, "నిమ్మపండు, అక్కడే ఆగింది" అనో, "మందారమే" అనో గొణిగి మళ్ళీ బొమ్మలో పడేవాడు. అతను రాసుకునేవాడు. ఇరవై రెండేళ్ళు అలా గడిచాయి.

ఈ లైకెన్ మీద చుక్క వేసిన రోజు ఎదుటి బల్ల నుంచి మాట రాలేదు. పసుపు వచ్చింది. అతను చూస్తూ కూర్చున్నాడు. కాసేపటికి ఆ పసుపు మురికి పట్టినట్టయింది. అది కనిపించింది. అయితే ముందు రోజే మేడం అంది, ఎరుపు తిరక్కపోతే ఇది కొత్త జాతేనని, దానికి బొమ్మలాయన పేరు పెడదామని. అతను కలం తీసి 'మార్పు లేదు' అని రాశాడు.

గురువారం సీసాలక్క అతని బల్ల దగ్గరికి వచ్చింది. చేతిలో పళ్ళెం, పళ్ళెంలో గోధుమరంగు సీసా. ఆ రోజు వాడింది ఇదేనని, సగం ఇంకా మిగిలే ఉందని చెప్పింది.

"మేడం ముందు మీరే ఒక చుక్క వేసి చూపించండి అన్నయ్యా. మీ చెయ్యి మీద ఆవిడకి నమ్మకం."

చాలా కోత పని ఉందని, సాయంత్రం చూద్దామని అతను అన్నాడు. ఆమె సరేనని సీసా అక్కడే పెట్టి వెళ్ళింది. సాయంత్రం అయిదు గంటలకు ఆమె అడుగులు వరండాలో వినిపించగానే అతను సంచి తీసుకుని వెనక మెట్ల మీదుగా దిగిపోయాడు.  యాభై ఆరేళ్ళ మనిషి ఒక ఆడమనిషికి కనబడకుండా మెట్లు దిగడం ఏమిటని తనకే అనిపించింది. ఆగలేదు మాత్రం.

దారిలో పళ్ళ దుకాణం దగ్గర నిలబడి ఒక్కో పండూ నొక్కి చూశాడు. పండినవేవో పచ్చివేవో అతనికి వేళ్ళే చెప్పాలి. ఇంటికి వచ్చాక భార్య సంచిలో చూసి, "ఆ కొట్టువాడు మీ చేతులు కట్టేస్తాడు ఒకరోజు," అంది. ఎప్పుడూ అనే మాటే. అతను నవ్వలేదని గమనించి, ఒంట్లో బాగాలేదా అని నుదుటి మీద చెయ్యి వేసింది. బాగానే ఉందని చెప్పి, ఆ చేతి కింద నుంచి తల పక్కకు తీసుకున్నాడు.

శుక్రవారం తలుపులు తెరిచే వేళకే ఆఫీసుకు చేరాడు. పొట్లం విప్పి, బెరడు ముక్కకు ఒక నీటి బొట్టు తాకించి మెత్తబడనిచ్చాడు. ఎడమచేతి చూపుడువేలి గోరును ఆనించి, కొత్త బ్లేడుతో ఒక చీలికకు అడ్డంగా కోశాడు. మొదటి నాలుగూ మందంగా వచ్చాయి. అయిదోది వచ్చింది, ఊదితే ఎగిరిపోయేంత. గాజు పలక మీద పెట్టి సూక్ష్మదర్శిని కిందికి జరిపాడు. పైన గట్టి పొర, కింద పాచికణాల పొర, ఆ కింద దూది పేనినట్టు తెల్లటి పోగులు, అడుగున బెరడు. పాచికణాల పొర కుంకుమపువ్వు రంగులో ఉంటుందని బొమ్మలాయన వేసిన బొమ్మల్ని బట్టే అతనికి తెలుసు.

నిన్న సీసాలక్క వదిలి వెళ్ళిన సీసా మూత తీశాడు. మూత గట్టిగా బిగించి ఉంది, రెండు చేతులూ కావలసి వచ్చింది. ఒక చుక్క అంచున వదిలి, సన్నటి గాజు రేకు కప్పి, గడియారం చూసుకున్నాడు.

ఈ పరీక్ష అతను ఎప్పుడో నేర్చుకున్నాడు. లైకెన్‌లో ఎరుపు తిరిగే పదార్థం ఉంటే సూక్ష్మదర్శిని కింద అది స్ఫటికాలుగా విడిపోతుంది. స్ఫటికాలను గుర్తు పట్టడానికి రంగు అక్కర్లేదు. చుక్క వేసిన మొదటి రోజే ఈ పని చేసి ఉండవచ్చు. ఆ రోజు అది గుర్తు రాలేదని చెప్పుకుందామంటే అబద్ధం. గుర్తొచ్చింది.

ఆరో నిమిషంలో తెల్లటి పోగుల అంచున ఏదో కదిలినట్టయింది. సూదులు. ఒకటి, తర్వాత మూడు, తర్వాత గుత్తులు గుత్తులుగా, ఒకదాన్నొకటి పొడుచుకుంటూ పెరిగాయి. అతని కంటికి అవి నల్లగా ఉన్నాయి. చూసేవాళ్ళకి ఎర్రగా ఉంటాయి. కంటద్దం మీద నుంచి తల ఎత్తకుండా చాలాసేపు అలాగే ఉండిపోయాడు. సీసాలో పస పోలేదు. పాతదేమో అన్న మాట గొంతులో ఎక్కడ పుట్టిందో, పెదవి దాటేముందు ఎంతసేపు ఆగిందో కూడా అతనికి ఇప్పుడు తెలిసిపోతోంది.

మేడం రాగానే వెళ్ళి చెప్పాడు. పొటాష్ మంచిదేనని, సూదులు తేలాయని, ఎరుపు తనకు కనబడదని. ఇరవై రెండేళ్ళ తర్వాత ఆ మాట పైకి అంటే ఏదో కూలిపోతుందనుకున్నాడు. మేడం ఆశ్చర్యపోలేదు.

"తెలుసు," అంది. "నేను చేరిన ఏడాదే బొమ్మలాయన చెప్పాడు. ఆయన్ని కిటికీ పక్క గదిలోకి మారమంటే మారనన్నాడు. ఎందుకో చెప్పక తప్పలేదు ఆయనకి."

 తెలిసి మరి బుధవారం సీసాలక్కని ఎందుకు నిలబెట్టారని అడగబోయి, ఆ ప్రశ్న అడిగే మొహం తనకు లేదని ఆగాడు. మేడమే చెప్పింది.

"సీసా తప్పయితే ఒక్క సీసా పారబోస్తాం. మీ కన్ను తప్పయితే ఈ బీరువాలన్నీ విప్పాలి."

అవి తప్పులు కావని, వాటిని బొమ్మలాయన చూశాడని, అనుమానం ఉన్నవి ఈ నాలుగు నెలలవే అని అతను అన్నాడు. అది బయటివాళ్ళకి ఏ కాగితం చూపించి నమ్మిస్తారని మేడం అడిగింది. ఆ కాగితం లేదు. అతను ఇంకొక మాట చెప్పాడు. పసుపు మురికైనట్టు కనిపించిందని, కనిపించినా రాయలేదని, ఆయన పేరు పెడతారని ఊరుకున్నానని.

మేడం కళ్ళజోడు తీసి బల్ల మీద పెట్టింది. "నేను కూడా రెండోసారి చూడమనలేదు," అంది. "వెళ్ళండి. సీసా మాట అలాగే ఉండనివ్వండి. ఆవిడకి ఇంకెక్కడైనా పని చూస్తాను."

ఆ భవనంలో ఒక కట్టుబాటు ఉంది. పొట్లం మీద పాత రాత తప్పని తేలినా దాన్ని కొట్టెయ్యరు, చింపరు. తప్పు కనిపెట్టినవాళ్ళు సరైనది చిన్న చీటీ మీద రాసి, సంతకం పెట్టి, తేదీ వేసి పక్కన అంటిస్తారు. ఆ చీటీని తర్వాత ఎవరూ, మేడంతో సహా, తియ్యకూడదు. ఆ మధ్యాహ్నం అతను ఒక చీటీ కత్తిరించి రాశాడు: 'పొటాష్‌తో పసుపు, వెంటనే ఎరుపు. సూది స్ఫటికాలు కనిపించాయి. పాత రాత నాది, తప్పు. ద్రావణంలో దోషం లేదు.' సంతకం చేసి, జిగురు రాసి, అరచేత్తో అదిమి పట్టాడు. గుండెల మీది బరువు దిగినట్టనిపించింది. ఇంటికి వెళ్ళి కడుపునిండా తిన్నాడు కూడా.

శనివారం ఉదయం ఆ పొట్లం పట్టుకుని సీసాల గదిలోకి వెళ్ళాడు. సీసాలక్క గాజు గొట్టాలు కడిగి బోర్లిస్తోంది. పక్కన బల్ల మీద కాగితం, దాని మీద ఎన్ని సీసాలు, ఎన్ని గొట్టాలు అప్పగిస్తోందో వరసగా రాసుకుంది. అతను పొట్లం ఆమె ముందు పట్టుకున్నాడు. చేతులు తడిగా ఉన్నాయని ఆమె ముట్టుకోలేదు. వంగి, పెదవులు కదుపుతూ చీటీ చదివింది.

"ఇది ఎక్కడ పెడతారు?"

బీరువాలో అన్నాడు.

"ఎవరు తీసి చూస్తారు?"

ఈ జాతి మీద పనిచేసేవాళ్ళు ఎవరైనా అడిగితే పంపుతామని చెప్పాడు. ఎప్పుడు అడుగుతారని ఆమె అంది. ఆ బీరువాలోంచి ఆఖరుసారి పొట్లం బయటికి వెళ్ళి తొమ్మిదేళ్ళయింది. అతను చెప్పలేం అన్నాడు.

ఆమె కుళాయి కట్టేసింది.

"బుధవారం అన్న మాట మా ముందు పైకి అన్నారు. ఇది మాత్రం మడిచి పెట్టారు."

అతను పొట్లం వెనక్కి తీసుకున్నాడు. ఎరుపు తనకు కనబడదని ఆమెకీ చెప్పాడు, తలుపు వైపు చూస్తూ. ఆమె కడిగిన గొట్టం ఒకటి బోర్లించింది.

"పదకొండేళ్ళు రోజుకి పదిసార్లు మీ బల్ల పక్క నుంచి నడిచాను," అంది. "పిలిచి, ఇదేం రంగని అడిగితే నా సొమ్మేం పోయేది?"

మళ్ళీ కుళాయి తిప్పింది.

పదకొండు గంటలకు అందరూ పొడుగు గదిలో టీకి చేరారు. మేడం కిటికీ దగ్గర కూర్చుంది. గుమాస్తా ఆ రోజు టపా కవర్లు దొంతరగా ముందు పెట్టుకుని బిళ్ళలు అంటిస్తున్నాడు. పన్నెండుకి టపా మనిషి వస్తాడు. అతను గ్లాసు బల్ల మీద పెట్టి లేచి నిలబడ్డాడు. టీ దగ్గర అతను నిలబడి మాట్లాడటం ఎవరూ ఎరగరు. ఎవరిదో పదవీ విరమణ అనుకుని ఇద్దరు చప్పట్లకు సిద్ధమయ్యారు.

"లైకెన్ పరీక్షలో పొటాష్ మంచిదే," అన్నాడు. "పాతదని నేను అబద్ధం చెప్పాను. నాకు ఎరుపు కనబడదు."

చప్పట్లకు ఎత్తిన చేతులు దిగిపోయాయి. గుమాస్తా చెడ్డవాడు కాదు. మౌనం భరించలేడు, అంతే. పక్కనున్న దస్త్రం ఎత్తి చూపించాడు.

"అయితే ఇదేం రంగు బాబాయ్?"

అతను చూసి, గోధుమరంగు అన్నాడు. గది గొల్లుమంది. ఇంకొకామె తన మెడలోని రుమాలు కొస పట్టుకుని ఊపింది. బూడిదరంగు అన్నాడు. మళ్ళీ నవ్వులు. ఒకరు పెన్సిల్, ఒకరు సీలు వేసే లక్క, ఒకరు గోడ మీది క్యాలెండర్. అన్నిటికీ అతను చూసి, తనకు కనిపించిందేదో అది చెప్పాడు. చెవులు కాలిపోతున్నాయి. చాలని కూర్చోవచ్చు. కూర్చుంటే అందరూ దీన్ని ఒక వేళాకోళంగా తీసుకుని టీ తాగేస్తారు. అందుకని నిలబడే ఉన్నాడు, అడిగినవాళ్ళకి అడిగినట్టు చెబుతూ. గుమ్మంలో సీసాలక్క ఖాళీ గ్లాసుల పళ్ళెంతో నిలబడి ఉంది. ఆమె నవ్వడం లేదు.

గుమాస్తా ఇంకేదో ఎత్తబోయి, చెయ్యి గాలిలోనే ఆపేశాడు. నవ్వు అతని మొహంలో కొంచెం కొంచెంగా తగ్గింది.

"మరి బుధవారం నుంచి ఈవిడ..." అని, వాక్యం పూర్తి చెయ్యలేదు.

నవ్వులు ఒక్కొక్కటిగా ఆగాయి. గుమాస్తా కవర్ల దొంతర తిరగేసి మధ్యలోంచి పైఆఫీసుకు వెళ్ళే కవరు లాగాడు. అంటించిన బిళ్ళ ఇంకా తడిగానే ఉంది. లేచి వెళ్ళి దాన్ని మేడం టీ కప్పు పక్కన పెట్టి, అక్కడే నిలబడ్డాడు. గదిలో ఎవరూ గ్లాసు ఎత్తలేదు. మేడం కవరు వైపు చూసింది, కిటికీ వైపు చూసింది, తర్వాత దాన్ని చించి లోపలి కాగితం నాలుగు మడతలు పెట్టింది.

"ఇంకోటి టైపు చెయ్యి," అంది. "ప్రతి ఏడాదీ పంపేదే. నిపుణుడికి ఉత్తరం నేను రాసుకుంటాను." అతని వైపు చూడలేదు.

కుర్చీలు జరిగాయి. వెళుతూ ఎవరో అతని భుజం తట్టబోయి మానుకున్నారు. బొమ్మలాయన పేరుతో ఇక ఏ లైకెనూ ఉండదు. ఆ సంగతి అతనికి గదిలో నిలబడి ఉండగానే పూర్తిగా తెలిసొచ్చింది. గది ఖాళీ అయ్యాక సీసాలక్క గ్లాసులు ఏరుకుంటూ అతని దాకా వచ్చింది.

"నాలుగు నెలల్లో ఎన్ని పొట్లాలు?"

నూట నలభై రెండు అన్నాడు.

"సోమవారం మొదలెడదాం. రోజుకి పది. రంగు నేను చెప్తాను, మీరు రాయండి. చెప్పింది నేనని కూడా ప్రతి చీటీ మీదా రాయండి."

అతను తలూపాడు. ఆమె అతని గ్లాసు చూసింది. నిండుగా, చల్లారి ఉంది. దాన్ని కూడా తీసుకుని పళ్ళెంలో పెట్టుకుని వెళ్ళిపోయింది.

అతను కాసేపు అక్కడే నిలబడ్డాడు. ఉదయం సీసాల గదిలోనూ, ఇప్పుడూ, ఆమె మాటల్లో ఎక్కడా అన్నయ్యా అని లేదు. గురువారం సీసా పట్టుకుని వచ్చినప్పుడు ఉంది. అది అడిగి పిలిపించుకునేది కాదు. బల్ల దగ్గరికి వెళ్ళి, నూట నలభై రెండు పొట్లాలూ తేదీల వరసన పేర్చడం మొదలుపెట్టాడు.